దేవతాంశ ఉన్నవాళ్లకు అద్దె ఇల్లు దొరకదు

ఈమధ్య ఒక ప్రవచనకర్త టీవీలో సెలవిచ్చారు. హిజ్రాలు దేవతాంశ కలవాళ్లట, మన ధర్మం వాళ్లకు ఎప్పుడో పెద్దపీట వేసిందట, అందుచేత ఈ హక్కులు, కోర్టులు, ఊరేగింపులు అన్నీ పడమటి దేశాల నుంచి దిగుమతైన జబ్బట. రుజువుగా అర్ధనారీశ్వరుణ్ణి పిలిచారు, బృహన్నలను పిలిచారు. కోనసీమ ర్యాలిలో ముందు కేశవస్వామిగా, వెనక మోహినిగా కనిపించే ఏకశిలా విగ్రహాన్నీ వదల్లేదు. విగ్రహంతో పేచీ లేదు. అది అద్దె ఇల్లు అడగదు, రేషన్ కార్డు అడగదు.

వాళ్లు దీవిస్తే కలిసొస్తుంది, తిడితే తగులుతుంది. నమ్మకమంతా ఇంతే. కొత్త దుకాణం తెరిచిన సేటు వాళ్ల చేతి రూపాయి బిళ్లను కళ్లకద్దుకుని గల్లాపెట్టెలో దాచుకుంటాడు. ఆ గల్లా దగ్గర కూర్చునే ఉద్యోగం మాత్రం వాళ్లకివ్వడు. అడిగితే గిరాకీ పోతుందంటాడు. ఇక శాపమా? ఆ నోటికి నిజంగా అంత బలముంటే, సిగ్నళ్ల దగ్గర వాళ్లను తరిమి తరిమి కొట్టిన లాఠీలు ఈపాటికి బూడిద కావాలి. అన్నీ భద్రంగానే ఉన్నాయి.

2018 మేలో హైదరాబాద్‌లో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలు దిగాయని వాట్సాప్‌లో పుకారు పుట్టింది. అబద్ధమని పోలీసులు చెబుతూనే ఉన్నారు. చాంద్రాయణగుట్టలో జనం ట్రాన్స్ మహిళల మీద పడి కొట్టారు. ఒకరు చనిపోయారు. ఆ గుంపులో ఎంతమంది ఇళ్లలో, కొడుకు పుట్టినప్పుడు వీళ్లను పిలిచి బిడ్డను ఒళ్లో పెట్టి ఉంటారో! దీవించే చెయ్యే ఎత్తుకుపోతుందనడానికి పెద్ద అడుగు అక్కర్లేదు. ఎదుటి మనిషిలో లేని శక్తిని ఊహించుకున్నాక, అది మంచి చేస్తుందో చెడు చేస్తుందో తేల్చేది ఆ పూట మన భయమే.

ఈ పుకారు వాట్సాప్ కన్నా చాలా ముసలిది. 1871లో తెల్లదొరలు తెచ్చిన నేరస్థ తెగల చట్టంలో రెండో భాగమంతా వీళ్ల మీదే. పిల్లల్ని ఎత్తుకుపోతారన్న అనుమానం చాలు, పేరు రిజిస్టర్‌కెక్కేది. నిజాం సర్కారు వెనకబడుతుందా? 1329 ఫస్లీలో, అంటే 1919లో, తన చట్టం తను చేసుకుంది. రిజిస్టర్‌లో పేరున్నవాళ్లు చీరకట్టి, నగ పెట్టి వీధిలో కనిపించినా, ఆడినా పాడినా వారెంటు లేకుండా పట్టుకోవచ్చు, రెండేళ్ల దాకా జైల్లో పెట్టొచ్చు. నిజాం పోయాడు, ఆంధ్రప్రదేశ్ వచ్చింది, తెలంగాణ వచ్చింది. చట్టం మాత్రం కదల్లేదు. 2018లో ట్రాన్స్ కార్యకర్తలు హైకోర్టు మెట్లెక్కితే, 2023 జులైలో దాన్ని రాజ్యాంగ విరుద్ధమని కొట్టేశారు. పెద్దపీట వేసిన ధర్మరక్షకుల్లో ఒక్కరూ అన్నేళ్లలో దాని మీద చిన్న అర్జీ పెట్టినట్టు నేను వినలేదు.

మా ఊళ్లో నాకంటే నాలుగైదేళ్లు పెద్దవాడు ఒకన్న ఉండేవాడు. నడక, మాట అమ్మలక్కల్లా ఉంటాయని ముందు గాలి సోకిందన్నారు. భూతవైద్యుడు వేపమండలతో కొట్టాడు, కళ్లల్లో మిరపపొగ పెట్టాడు. గాలి దిగలేదు. దాంతో ఎల్లమ్మ పట్టిందన్నారు, దేవతకు అంకితమిచ్చి శివసత్తిని చేశారు. కొట్టినవాళ్లే బోనాలకు ఆ కాళ్లు మొక్కారు. పండగ దాటితే మాత్రం పొలం పంపకాల్లో పేరు లేదు, పెళ్లి బంతిలో విస్తరి లేదు. దేవుడికి ఇచ్చేశాం కదా, ఇంకా మన లెక్కలో ఎందుకని ఆయన సొంత తమ్ముడే అన్నాడు. వేములవాడలో శ్రీరామనవమి నాడు శివుణ్ణి పెళ్లాడేవాళ్లను చూసి ప్రవచనకర్త పులకించిపోతారు. మర్నాడు వాళ్లు ఏ ఇంటికి తిరిగి వెళ్తారో ఆయన ఎన్నడూ చెప్పరు.

చదువుకున్న ఇళ్లలో ఎల్లమ్మ పట్టదు. అక్కడ పెళ్లే మందు. కొడుకు తను మగవాళ్లనే ఇష్టపడతానని చెబితే తండ్రి సైకియాట్రిస్టు దగ్గరికి, ఆ తర్వాత జ్యోతిష్కుడి దగ్గరికి నడుస్తాడు. స్వలింగ ఆకర్షణను ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల జాబితాలోంచి 1990లోనే తీసేసింది. నయం చేస్తామనే డాక్టరుది వృత్తి దుష్ప్రవర్తన అని జాతీయ వైద్య కమిషన్ 2022లో ప్రకటించింది. జ్యోతిష్కుడికి మాత్రం ఏ కమిషనూ లేదు. నాకు తెలిసిన ఒక ఇంట్లో ముప్పై ఆరు గుణాలకు ఇరవై ఎనిమిది కలిశాయని ముహూర్తం పెట్టించారు. ఆ అబ్బాయి నోరు విప్పి చెప్పిన ఒక్క సంగతి తప్ప మిగతావన్నీ ఆ జాతకచక్రంలో కనిపించాయి. పెళ్లికూతురికి ఆ సంగతి చెప్పాలని మాత్రం ఎవరికీ తోచలేదు.