రేయాన్ష్ అంటే వెలుగా, చీకటా?

బారసాల నాడు పళ్లెంలో బియ్యం పోసి, ఉంగరంతో పేరు రాయిస్తారు. "రేయాన్ష్ అంటే ఏంట్రా?" అని నానమ్మ అడుగుతుంది. పిల్లాడి తండ్రి ఫోన్ తీసి చదువుతాడు: "సంస్కృతం అమ్మా. సూర్యకిరణం, విష్ణువు అంశ."

సంస్కృతంలో కిరణం 'అంశువు'. 'అంశ' అంటే భాగం. ఒక్క కొమ్ము జారిపోయేసరికి సూర్యుడు కూడా జారిపోయాడు. ముందున్న 'రే' కిరణమన్న అర్థంలో ఇంగ్లిషు మాటే. ఇక తెలుగు చెవికి రేయి అంటే రాత్రి. అలా చూస్తే ఈ వెలుగుల బాబు కాస్తా చీకటి ముక్క అవుతాడు.

కియారా కథ ఇంకా విచిత్రం. 'భరత్ అనే నేను'తో తెలుగు తెరకు వచ్చిన కియారా అద్వానీ అసలు పేరు ఆలియా. 2010 నాటి హిందీ సినిమా 'అన్‌జానా అన్‌జానీ'లో ప్రియాంకా చోప్రా పాత్ర పేరు నచ్చి పెట్టుకున్నారు. ఇటాలియన్‌లో కియారా అంటే స్వచ్ఛమైనది, ప్రకాశవంతమైనది; లాటిన్ 'క్లారా' నుంచి వచ్చింది. ఐరిష్‌లో దాదాపు ఇవే అక్షరాలతో రాసే 'కీరా'కు మూలమైన మాటకు అర్థం నలుపు. పేర్ల జాబితాలు ఈ రెంటినీ ఒకే గంపలో వేసి, ఏది చేతికందితే అది అంటగడతాయి.

తప్పంతా జాబితాలదే అనలేం. జన్మనక్షత్రం హస్త అయితే పు, ష, ణ, ఠ అక్షరాలు వస్తాయి. 'ణ'తో మొదలయ్యే పేరు ఎవరికైనా తట్టితే వినాలనే ఉంది! అక్షరం కుదరాలి, పక్కింట్లో లేని పేరు కావాలి, పలకడానికి స్టైలుగా ఉండాలి. ఇన్ని షరతులకు లొంగే పేరు దొరక్క, కొత్తది అల్లుతారు. అల్లుకోవడం నేరం కాదు. దానికి లేని సంస్కృత అర్థం తగిలించడమే అబద్ధం.

మోటు పేర్లని నవ్వుకునే వాటికి ఈ బాధ లేదు. నల్లగొండ వైపు సైదులు అనే పేరు వెనక జాన్‌పహాడ్ దర్గా మొక్కు ఉంటుంది. బిడ్డలు దక్కని ఇంట్లో పుట్టిన పసికందును పెంటకుప్ప మీద పెట్టి తీసి, పెంటయ్య అని పిలిచేవారు. అర్థం ఏమిటంటే ఊళ్లో ఎవరైనా చెబుతారు.

పేరు సంస్కృతమని ఎవరైనా అంటే ఆప్టే నిఘంటువులోనో మోనియర్ విలియమ్స్‌లోనో వెతకాలి. తెలుగైతే శబ్దరత్నాకరం, బ్రౌణ్యం ఉన్నాయి. 'ఆంధ్రభారతి' వెబ్‌సైట్‌లో ఉచితంగా చూసుకోవచ్చు. మాట దొరక్కపోతే సంస్కృతం తెలిసిన మాస్టారినొకరిని అడగండి. తొందరేమీ లేదు. జనన నమోదులో పేరు చేర్చడానికి చట్టం రుసుము లేకుండా 12 నెలల గడువిచ్చింది. ఆ తర్వాత కూడా రుసుము కట్టి 15 ఏళ్లలోపు చేర్పించవచ్చు.