సందేహాలు – సమాధానాలు: ఊరు అదే, జిల్లా మారింది

ప్రశ్న: మా వారు గుంటూరులో ఒక మిర్చి కమీషను కొట్లో లెక్కలు రాస్తారు. యజమాని కొత్త సర్వరు కంప్యూటరు కొన్నారు. పాత లెక్కల ప్రోగ్రాము అందులో ఎక్కించబోతే ‘దారి దొరకలేదు’ అంటోందట. సీజను ముంచుకొస్తోంది. ‘నీకు చేతకాదు’ అని నలుగురిలో అన్నారట. ఆయనకు కంటిమీద కునుకు లేదు. తప్పెవరిది?
– ఒక సోదరి, గుంటూరు

జవాబు: తప్పు మీ వారిదీ కాదు, యంత్రానిదీ కాదమ్మా. చిరునామాది.

మన చీరాల సంగతే చూడండి. 1970 దాకా అది గుంటూరు జిల్లా. ఆ ఏడు ఫిబ్రవరి 2న ఒంగోలు జిల్లా ఏర్పడితే అందులో చేరింది. 1972లో ఆ జిల్లాకే ప్రకాశం పేరు పెట్టారు. 2022 ఏప్రిల్ 4న బాపట్ల జిల్లాలోకి వెళ్ళింది. ఊరు మాత్రం ఉన్నచోటనే ఉంది. పాత జిల్లా పేరుతో ఉత్తరం వేసినా, తెలిసిన పోస్టుమాను చేరుస్తాడు. కంప్యూటరుకు ఆ లౌక్యం లేదు. అక్షరం తేడా వస్తే గుమ్మంలోంచే తిప్పి పంపుతుంది.

2009లో వచ్చిన విండోస్ సర్వర్ 2008 ఆర్2 మొదలు ఆ సర్వర్లన్నీ 64 బిట్లవే. వాటిలో ప్రోగ్రాములకు రెండు గదులు. 64 బిట్లవాటికి ‘ప్రోగ్రామ్ ఫైల్స్’. పాత 32 బిట్లవాటికి అదే పేరుకు ‘ఎక్స్86’ అని తోక తగిలించిన మరో గది. పాత ప్రోగ్రాము సామాను రెండో గదిలో దిగుతుంది. దాని చీటీలో మొదటి గది పేరే రాసి ఉంటే వెతుక్కుని వెతుక్కుని ఊరుకుంటుంది.

మీ వారిని ఇలా చేయమనండి. ముందు పాత లెక్కలన్నీ వేరే డిస్కులోకి కాపీ తీసి, అవి తెరుచుకుంటున్నాయో లేదో చూసుకోవాలి. పాత కంప్యూటరును అప్పుడే అమ్మనివ్వద్దు. ఇన్‌స్టాలరు మీద మౌసు కుడి బటను నొక్కి ‘రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్’ ఎంచాలి. ఎక్కడ పెట్టమంటావని అది అడిగితే, సి డ్రైవులో ఖాళీలు లేని పొట్టి పేరుతో ఒక ఫోల్డరు చూపాలి. అప్పటికీ మొరాయిస్తే, ప్రోగ్రాముతో వచ్చిన సెట్టింగుల ఫైలును నోట్‌ప్యాడులో తెరిచి, పాత చిరునామా ఉన్నచోటల్లా కొత్తది రాయాలి. పాత యంత్రంలో ఉన్న డి డ్రైవు కొత్తదానిలో లేకపోయినా ఇదే గొడవ వస్తుంది, అదీ చూడాలి.

ఒక్కటే చిక్కు. ఇన్‌స్టాలరు మరీ పాతదై 16 బిట్ల నాటిదైతే, 64 బిట్ల విండోసులో అసలు నడవదు. అప్పుడు ప్రోగ్రాము అమ్మినవారినే కొత్తది అడగాలి. అది కూడా మీ వారి చేతకానితనం కాదు.

యజమానితో ఇదంతా చెప్పడానికి ఆయన మొహమాటపడితే, చీరాల సంగతి ఒక్కటి చెప్పమనండి. సరుకు బిల్లుమీద ఊరు సరిగ్గా లేకపోతే ఏమవుతుందో వ్యాపారికి మనం నేర్పనక్కర్లేదు.