కన్నాంబ అంటే కన్నీళ్ళేనా?

మొన్నొక మిత్రుని ఇంట పాత సినిమాల ప్రస్తావన వచ్చింది. భానుమతి గడుసుదనం, సావిత్రి కళ్ళు, సూర్యకాంతం ఎడమచెయ్యి, అన్నీ వరుసగా దొర్లాయి. ఎవరో కన్నాంబ పేరెత్తారు. "ఎప్పుడూ ఏడుస్తూ ఉంటుందే, ఆవిడే కదూ?" అన్నాడొక యువకుడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఇంటికి వచ్చాక ఆ నవ్వు నన్ను వదలలేదు. ఎందుకంటే కన్నాంబ విషయంలో నాకు చిన్ననాటి బాకీ ఒకటి ఉంది. ఆ బాకీ తీర్చుకోవడానికే ఈ టపా.

మాది పాల్వంచ దాటి భద్రాచలం పోయే దారిలో, అడవి అంచున ఉన్న చిన్న ఊరు. శ్రీరామనవమికి కాలినడకన కొండకు పోయే భక్తులు మా ఊళ్ళో ఒక రాత్రి మజిలీ చేసేవారు. 1970ల చివరి సంవత్సరాలలో ఒక నవమికి, ఆ భక్తుల కోసమని ఊరి పెద్దలు పదహారు మిల్లీమీటర్ల ప్రొజెక్టరు తెప్పించి, చింతచెట్టుకూ బడి స్తంభానికీ నడుమ తెల్లగుడ్డ కట్టి 'రామదాసు' సినిమా వేయించారు. చిత్తూరు నాగయ్య తానే నిర్మించి, తానే దర్శకత్వం వహించి, తానే గోపన్నగా నటించిన 1964 నాటి చిత్రం. గుడ్డకు ముందు ఊరివాళ్ళు, యాత్రికులు. గుడ్డకు వెనుక, బొమ్మ తిరగబడి కనబడే వైపున, గూడేల నుంచి వచ్చిన కోయవాళ్ళు. పిల్లలం మాత్రం రెండు వైపులా తిరుగుతూనే ఉన్నాం.

సినిమా సగంలో ప్రొజెక్టరు దీపం టప్పుమని మాడిపోయింది. తెర నల్లబడింది. కాని ఆ యంత్రాలలో బొమ్మకు ఒక దీపం, శబ్దానికి వేరొక చిన్న దీపం ఉంటాయి. ఆ రెండవది వెలుగుతూనే ఉంది గనుక రీలు తిరుగుతూనే ఉంది, మాట వినబడుతూనే ఉంది. అప్పుడు మాట్లాడుతున్నది రామదాసు భార్య కమల. ఆ పాత్రధారిణి కన్నాంబ. ఆపరేటరు యంత్రం ఆపబోతుంటే మా నాయనమ్మ కూర్చున్న చోటినుంచే కేక వేసింది: "బొమ్మ పోతే పోయిందిలేరా నాయనా, గొంతుంది గదా. ఆపమాక!"

ఆపలేదు. ఆ రీలు అయిపోయేదాకా, ఎంతసేపో గాని, అంతమందిమీ నల్లటి గుడ్డవైపు చూస్తూ ఆ గొంతు విన్నాం. ఎవరూ లేవలేదు. గుడ్డకు వెనుకనున్నవారికీ ముందున్నవారికీ తేడా లేకుండా పోయింది. కొత్త దీపం బిగించి మళ్ళీ బొమ్మ వేసినప్పుడు నాకు కొంచెం నిరాశ కలిగిన మాట కూడా నిజం.

మా నాయనమ్మకు కన్నాంబ పేరు తెలియదు. ఆమెను 'నాగమ్మ' అనేది. పెళ్ళైన కొత్తలో కొత్తగూడెంలో 'పల్నాటి యుద్ధం' చూసిందట. 1947లో వచ్చిన ఆ చిత్రంలో నాయకురాలు నాగమ్మ కన్నాంబే. గూడవల్లి రామబ్రహ్మం మొదలుపెట్టి కన్నుమూస్తే ఎల్.వి. ప్రసాద్ పూర్తిచేసిన చిత్రమది. ఆ తరువాత కన్నాంబ ఎవరికి తల్లిగా కనిపించినా, ఎంత ఏడ్చినా, మా నాయనమ్మకు మాత్రం ఆమె నాగమ్మే. "మన ఊళ్ళో మగోళ్ళు ఆడేషం కట్టి ఏడిస్తే జాలేస్తది. ఈమె మాట్లాడితే భయమేస్తది" అనేది. నేనెరిగినంతలో కన్నాంబ మీద ఇంతకంటె మంచి విమర్శ మరొకటి లేదు.

ఆ భయం ఎక్కడనుంచి వచ్చిందో తెలియాలంటే నాటకరంగానికి పోవాలి. పసుపులేటి కన్నాంబ 1911లో పుట్టింది. ఏలూరులో పెరిగింది. అవి ఆడవేషాలు మగవారే కట్టే రోజులు. స్థానం నరసింహారావు సత్యభామగా, చిత్రాంగిగా జనాన్ని మైమరపిస్తున్న రోజులు. స్త్రీ పాత్రలు స్త్రీలే ధరించాలని బళ్ళారి రాఘవ పట్టుబట్టిన రోజులు కూడా అవే. కన్నాంబ చిన్నవయసులో 'హరిశ్చంద్ర' నాటకం చూస్తూ, చంద్రమతి వేషధారి రోదన రక్తికట్టక జనం గోల చేస్తుంటే, తానే వేదిక ఎక్కి పాడిందని చెప్పుకుంటారు. అందులో ఎంత నిజమో, ఎంత అభిమానమో గాని, ఆ తరువాత నారల వారి నాటక సమాజంలో చేరి ఆమె పేరు తెచ్చుకున్నది ఆ చంద్రమతి పాత్రతోనే.

మైకులేని వేదికను ఒకసారి ఊహించుకోండి. ముందు వరుసలో చాపల మీద కూర్చున్నవానికీ, ఆఖరున బండిమీద కూర్చున్నవానికీ ఒకే మాట ఒకే బరువుతో చేరాలి. అరిస్తే భావం పోతుంది, అరవకపోతే మాట పోతుంది. ఆ రెంటి నడుమ గొంతు నిలపడం ఏళ్ళ తరబడి రాత్రుళ్ళు నాటకమాడితే గాని పట్టుబడని విద్య. నాటకాలనుంచి సినిమాకు వచ్చినవారందరిలోనూ అది అంతో ఇంతో ఉంది. కన్నాంబలో అది సంపూర్ణంగా ఉంది.

1935లో 'హరిశ్చంద్ర' సినిమాగా వచ్చింది. అద్దంకి శ్రీరామమూర్తి హరిశ్చంద్రుడు, కన్నాంబ చంద్రమతి. మరుసటి ఏడే ద్రౌపది కథతో రెండు చిత్రాలు పోటీపడ్డాయి. బళ్ళారి రాఘవ దుర్యోధనుడుగా 'ద్రౌపదీ మానసంరక్షణం' ఒకటి, యడవల్లి సూర్యనారాయణ దుర్యోధనుడుగా, సి.యస్.ఆర్. కృష్ణుడుగా, కన్నాంబ ద్రౌపదిగా 'ద్రౌపదీ వస్త్రాపహరణం' మరొకటి. జనం రెండవదానికి పట్టం కట్టారు. సభలో ద్రౌపది చేసే పని ఏడవడం ఒక్కటే కాదు గదా! తన్నోడి నన్నోడెనా, నన్నోడి తన్నోడెనా అని నిండుసభను ధర్మం అడుగుతుంది. ఏడుస్తూనే నిలదీయడం. కన్నాంబ నటనకంతకూ మూలసూత్రం అదేనని నా అభిప్రాయం.

1938లో హెచ్.ఎం. రెడ్డి 'గృహలక్ష్మి' తీశాడు. నాగయ్యకు అదే తొలి చిత్రం. అందులో కన్నాంబ పతనమైపోతున్న భర్తకు భార్య. 1940లో 'చండిక'. పేరే చెబుతోంది, అక్కడ కన్నీళ్ళకు చోటెక్కడిదని. ఆ చిత్రంలో ఆమెకు ఎదుట నిలిచినవాడు బళ్ళారి రాఘవ. నాటకరంగంలో స్త్రీకి స్థానం ఉండాలని వాదించిన మహానటుడు, ఆ స్థానాన్ని గెలుచుకుని వచ్చిన నటి ఒకే తెరమీద కనబడటం చరిత్రలో చిన్న సంగతి కాదు.

ఆపైన తమిళం. 1941లో 'అశోక్‌కుమార్', 1942లో 'కణ్ణగి'. శిలప్పదికారం తమిళులకు ప్రాణసమానమైన కావ్యం. పాండ్యరాజు కొలువులో కాలిఅందె చేతబట్టి, నిర్దోషి అయిన నా భర్తను ఎందుకు చంపించావని రాజును నిలదీసే కణ్ణగి పాత్రకు ఆ జాతి ఒక తెలుగు నటి గొంతును అంగీకరించింది. మన భాష మాట్లాడే ఏ నటికైనా పొరుగుభాషలో ఇంతకు మించిన గౌరవం ఏముంటుంది? 1954 నాటి 'మనోహర' సంగతి సరేసరి. కరుణానిధి సంభాషణలు, శివాజీ గణేశన్ కథానాయకుడు. ఓర్చుకో అని కొడుకును ఏళ్ళపాటు కట్టడి చేసిన తల్లి, ఇక ఓర్చుకోవద్దని ఆజ్ఞాపించే ఘట్టం ఆ చిత్రానికి ఆయువుపట్టు. శివాజీ గొలుసులు తెంచుకుంటాడు నిజమే, కాని వాటిని తెంపించేది ఆ తల్లి గొంతు.

ఆమె నటి మాత్రమే కాదు. భర్త కడారు నాగభూషణంతో కలిసి రాజరాజేశ్వరీ ఫిలిం కంపెనీ పేరిట రెండు భాషలలోనూ చిత్రాలు తీసింది. ఎన్.టి. రామారావు శివుడుగా వచ్చిన 1962 నాటి 'దక్షయజ్ఞం' వారిదే. పేరు చెప్పుకోవడానికే భయపడే నాటకవృత్తి నుంచి వచ్చిన ఒక స్త్రీ, పదిమందికి జీతాలిచ్చే సంస్థకు యజమానురాలు కావడం ఆ రోజులలో ఎంతటి సంగతో వేరే చెప్పనక్కరలేదు.

మరి ఇంత జీవితం 'ఏడుపు' అనే ఒక్క మాటకు ఎలా కుదించుకుపోయింది?

ఒక కారణం కాలం. ఆమె తొలినాటి చిత్రాలు మన కంటబడటం అరుదు. తరచుగా టీవీలలో, అంతర్జాలంలో కనబడేవి 1950ల తరువాతివి. అప్పటికి ఆమె నలభై దాటింది. నలభై దాటిన నటికి మన కథకులు ఇచ్చినవి ఎక్కువగా తల్లి వేషాలే. తల్లికి ఇచ్చినవి ఎక్కువగా కన్నీళ్ళే. ద్రౌపదికి, చండికకు, నాగమ్మకు ఉన్న కోపం వయసుతోపాటు ఆమెనుంచి లాగివేయబడింది. కోపం తీసివేసి, ఏడుపు మిగిల్చి, ఆపైన ఏడుస్తుందని నవ్వడం మన ఘనకార్యం.

రెండవ కారణం మన కొలబద్ద. ఆమెది 'నాటకాల నటన' అనీ, మోతాదు ఎక్కువనీ ఆక్షేపించేవారున్నారు. ఈ ఆక్షేపణలో కొంత నిజం లేకపోలేదు. కెమెరా మొహానికి అంగుళం దూరంలో ఉన్నప్పుడు ఆఖరి వరుసకు వినిపించే గొంతు అక్కరలేదు. కొన్ని చిత్రాలలో ఆ గొంతు చెవికి బరువుగా తగులుతుందని నేనూ ఒప్పుకుంటాను. కాని ఆమెకు తగ్గించడం తెలియదనడం మాత్రం అన్యాయం. 1957 నాటి 'తోడికోడళ్ళు' చూడండి. ఎస్.వి. రంగారావు భార్యగా, ఇంటి పెద్దకోడలుగా ఆమె మాట్లాడే తీరు మన ఇళ్ళలో పెద్దావిడలు మాట్లాడే తీరే. వంటింటి గడప దాటని గొంతు అది. ఎక్కడ ఎంత దూరం పోవాలో తెలిసిన గొంతే అంత దగ్గరగా ఆగగలదు.

మళ్ళీ 'రామదాసు' దగ్గరికి వస్తాను. 1938లో నాగయ్య తొలిసారి తెరమీదికి వచ్చినప్పుడు ఆ చిత్రంలో ఉన్న కన్నాంబ, ఇరవై ఆరేళ్ళ తరువాత ఆయన జీవితాశయమైన చిత్రంలో ఆయనకు భార్యగా నటించింది. 1964 మే 7న మద్రాసులో మరణించింది. 'రామదాసు' ఆ ఏటి చివర విడుదలయింది. అప్పటికి భద్రాచలం దగ్గర గోదావరికి వంతెన కూడా పూర్తి కాలేదు, 1965లో గాని ప్రారంభం కాలేదు. అంటే ఆ సినిమాలో మేము విన్నది, మొదటి ప్రేక్షకుడు విన్నది కూడా, అప్పటికే లేని మనిషి గొంతు.

కమల పాత్ర మా ప్రాంతంవారికి పరాయిది కాదు. గోపన్న నేలకొండపల్లివాడు, పాల్వంచ పరగణాకు తహసీల్దారు. గుడి కట్టించి గోలకొండ చెరలో పన్నెండేళ్ళు మగ్గినవాని భార్య ఆ పన్నెండేళ్ళూ ఏం చేసిందో, ఎవరితో ఏం మాట్లాడిందో మన కీర్తనలు చెప్పవు. ఆయన రాముడితో పోట్లాడిన ప్రతి మాటా మనకు మిగిలింది, ఆమె మాట ఒక్కటీ మిగలలేదు. ఆ చీకట్లో మా ఊరు విన్నది అదేనేమో అనిపిస్తుంది. మూడు వందల ఏళ్ళుగా వినబడని ఒక గొంతును కన్నాంబ కొన్ని నిమిషాలపాటు అరువిచ్చింది.

కన్నాంబకైనా కొన్ని రీళ్ళు మిగిలాయి. మా ఉమ్మడి ఖమ్మం జిల్లా ఊళ్ళలో నవమి పందిళ్ళలో, తిరునాళ్ళలో తెల్లవార్లూ చంద్రమతిగా, చింతామణిగా పద్యాలు పాడిన స్త్రీలకు ఏ రీలూ లేదు. వారిని ఊరు రాత్రి చప్పట్లతో పిలిచింది, పగలు చిన్నచూపు చూసింది. ఇప్పుడు వారి పేర్లైనా చెప్పగలిగినవారు అరవై, డెబ్భై దాటినవారే.

మిత్రులారా, మీ ఇళ్ళలో పెద్దలు ఉంటే వారిని అడగండి. ఏ నాటకం చూశారు, ఎవరి గొంతు విన్నారు, అది ఎలా ఉండేది అని అడగండి. వారు పేర్లు తప్పు చెప్పినా రాసుకోండి. మా నాయనమ్మ కన్నాంబను నాగమ్మ అన్నట్లు, ఒక్కొక్కసారి తప్పు పేరులోనే అసలు సంగతి ఉంటుంది. ఆ యువకునికి ఆనాడు చెప్పవలసిన జవాబు కూడా ఇదే: కన్నాంబ ఏడ్చింది, నిజమే. ఏడుస్తూ ఏమడిగిందో ఒక్కసారి విను నాయనా.