తీసినోళ్లకు పేరు.. తీయించుకున్నోళ్లకు ఏంది?

రంజన్ పాలిత్. డాక్యుమెంటరీ కెమెరామెన్. 1985ల ఆనంద్ పట్వర్ధన్ తీసిన ‘బాంబే అవర్ సిటీ’కి కెమెరా పట్టినోళ్లల్ల ఒకడు. గుడిసెలు కూలగొట్టే కథ అది. మమ్ముల తీసి మీరు పేరు తెచ్చుకుంటరు, మాకేమొస్తదని అండ్ల ఒకామె సీదా అడిగింది.

క్షిపణి కేంద్రానికి భూములియ్యమని కొట్లాడిన ఒడిశా బలియాపాల్ రైతుల మీద వసుధా జోషితోని కలిసి 1988ల సినిమా తీసిండు. తర్వాత ‘ఇన్ కెమెరా’ల తన 25 ఏండ్ల పనిని తనే ముందటేసుకొని లెక్క చూసుకున్నడు.

ఇయ్యాల కెమెరా మన జేబులనే ఉన్నది. ఒగ్గుకథ, చిందు యక్షగానం తీసి రీల్స్ పెడుతున్నం. లైకులు మనకు, కళాకారుని పేరు గూడ రాస్తలేం. ముందుగాల అడిగి తీయాలె. పేరు, ఊరు రాయాలె. పూర్తి వీడియో వాళ్లకియ్యాలె. రేపు మన వాడల ఎవరన్న ఆమె అడిగిందే అడిగితే జవాబు ఉండాలె గదా!