చూచుటయే చాలునా?

సినిమాహాలులో అసలు చిత్రమునకు ముందు ఫిలిమ్స్ డివిజన్ వారి డాక్యుమెంటరీలను చూచి పెరిగిన తరమువారికి, అట్టి చిత్రములనగానే తెరవెనుకనుండి వినవచ్చు ఒక గంభీర కంఠము స్ఫురించును. తెరపై కనబడునది ఏమో, దానిని గూర్చి ఏమి తలపవలెనో ఆ కంఠమే నిర్ణయించెడిది. దానిని పూర్తిగా తొలగించి, నిత్యజీవితమును ఓపికతో చూచుటయే పద్ధతిగా గైకొనిన యువదర్శకులలో రాహుల్ జైన్ ఒకడు. ఆతని తొలి చిత్రము 'మెషీన్స్' 2016లో వెలువడి, 2017లో సన్‌డాన్స్ చిత్రోత్సవమున ఛాయాగ్రహణమునకు ప్రత్యేక పురస్కారము నందినది.

గుజరాతులో సూరతు ప్రాంతమునందలి ఒక వస్త్రకర్మాగారమే ఇందలి కథాస్థలము. తెలంగాణమునుండి పద్మశాలి కుటుంబములెన్నో మగ్గములను నమ్ముకొని తరలిపోయిన సీమ యది. కెమెరా ఇరుకు నడవలలో నిదానముగా సాగును. యంత్రముల హోరే సంగీతము. యంత్రము ముందు నిలుచుండియే ఒక బాలుడు కునుకుపాట్లు పడుచుండును. తల వాలును, లేచును, మరల వాలును. దర్శకుడు ఆ దృశ్యమునకు వ్యాఖ్య చేర్చలేదు, దానిని త్వరగా ముగింపనూ లేదు. పండ్రెండు గంటల పని యన్న మాట విన్నపుడు కలుగని వేదన, వాలుచున్న ఆ తలను చూచినపుడు కలుగును.

అయితే చూచుటయే చాలునా? ఆ కర్మాగారపు యజమానియు చూచుచునే యున్నాడు. గదిలో కూర్చుండి, తెరలపై కార్మికుల కదలికలను కనిపెట్టుచు, కూలి పెరిగినచో వారికి పనిపై శ్రద్ధ తగ్గునని చెప్పును. మరియొక చోట కార్మికులు కెమెరాను చుట్టుముట్టి, వచ్చినవారందరును కష్టములడిగి వెళ్లిపోవుచున్నారనియు, ఏమి చేయవలెనో చెప్పినచో చేయుదుమనియు దర్శకునే నిలదీయుదురు. వారికి బదులు వినబడదు.

పేదరికమును అందమైన చిత్తరువుగా మార్చినాడని ఆతనిని ఆక్షేపించువారికి ఈ ఘట్టమే సమాధానము. తన పద్ధతి లోపమును ఎత్తిచూపిన ప్రశ్నను ఆతడు కత్తిరించి పారవేయలేదు. యజమాని చూపునకును ఆతని చూపునకును గల భేదమిదియే: ఒకడు ప్రశ్న సోకని గదిలోనుండి చూచినాడు, రెండవవాడు ప్రశ్నించువారి ఎదుట నిలిచి చూచినాడు. బదులు చెప్పలేకపోవుట లోపమే. కాని ఆ లోపమును దాచుట అంతకంటె పెద్ద దోషమై యుండెడిది.

ఉపాధ్యాయులు ఈ పద్ధతినుండి గ్రహింపదగినది కలదు. రైతును గూర్చి వ్యాసము వ్రాయుమనగానే విద్యార్థి 'రైతు దేశమునకు వెన్నెముక' అని ఆరంభించును. పొలము గట్టున ఒక పూట కూర్చుండి చూచి వ్రాయుమన్నచో ఆ వాక్యము దానంతట అదే తొలగిపోవును. ఆ రైతు తల యెత్తి, 'ఎందుకు చూచుచున్నావు నాయనా?' అని యడిగినచో, ఆ ప్రశ్నను కూడ వ్యాసమున వ్రాయుమనవలెను.