పూరకకోణం ఒక రకమా, ఒక చుట్టరికమా?

కోణాలు ఎన్ని రకాలని ఏడవ తరగతి పిల్లవాణ్ణి అడిగి చూడండి. అల్పకోణం, లంబకోణం, అధికకోణం, సరళకోణం, పరావర్తన కోణం, పూరకకోణం, సంపూరకకోణం అని ఒక్క గుక్కలో అప్పజెప్పేస్తాడు. నా కంటబడిన గైడ్లలోనూ వరుస ఇదే. ఆ వరుసలో ఒక పెద్ద తప్పు దొర్లిందనీ, అది పిల్లవాడిది కాదు, నేర్పినవారిదనీ నా అభియోగం.

మొదటి ఐదూ కోణపు గుణాలు. ఒక్క కోణాన్ని ముందు పెట్టుకుని కోణమానినితో కొలిస్తే అది ఏ జాతిదో తేలిపోతుంది. చివరి రెండూ అలాంటివి కావు, అవి చుట్టరికాలు. "ఆయన పొడగరి" అంటే మాట పూర్తవుతుంది. "ఆయన వియ్యంకుడు" అంటే మాత్రం "ఎవరికి?" అని అడగక తప్పదు. 30 డిగ్రీల కోణం అల్పకోణమే, సందేహం లేదు. కాని దానిని ఒంటరిగా నిలబెట్టి పూరకకోణమని పిలవడం అర్థం లేని మాట. అది 60 డిగ్రీల కోణానికి పూరకం, 150 డిగ్రీల కోణానికి సంపూరకం. ఒకే మనిషి ఒకరికి వియ్యంకుడూ మరొకరికి తోడల్లుడూ అయినట్లే.

ఇంత చిన్న విషయానికి ఇంత రాద్ధాంతమా అని కొందరు మిత్రులు నవ్వవచ్చు. నవ్వండి గాని, ఈ ఒక్క గందరగోళం నుండి ఎన్ని పుడుతున్నాయో కూడా చూడండి. నల్లబల్ల మీద ఎప్పుడూ ఒకే బొమ్మ గీస్తారు: లంబకోణం, దానిని చీలుస్తూ నడుమ ఒక కిరణం. దానితో పక్కపక్కన ఉంటేనే పూరకాలన్న భ్రమ పిల్లల మనసులో స్థిరపడిపోతుంది. వియ్యంకులు ఒకే ఇంట్లో కాపురముండాలా? ఒకరు గుంటూరులోనూ ఒకరు కరీంనగరులోనూ ఉన్నా చుట్టరికం చెడదు. ఒక కోణం ఈ పుటలోనూ మరొకటి వెనుక పుటలోనూ ఉన్నా, మొత్తం 90 అయితే అవి పూరకాలే. ఇక 20, 30, 40 కలిపితే 90 వస్తుంది కనుక ఆ మూడూ పూరకాలనే పిల్లలూ ఉన్నారు. పూరకత్వం రెండింటి నడుమ ఉండే సంబంధమని మొదటే చెబితే ఆ ప్రశ్నే రాదు.

రెండు అధికకోణాలు పూరకాలు కాగలవా అన్నది పరీక్షలో తరచు కనబడే ప్రశ్న. "కాలేవు" అన్న జవాబుకు మార్కు వేసేస్తారు. ఎందుకు కాలేవని అడిగేవారేరీ? ఒక్కటే 90ని దాటిపోయిన తరువాత రెండవదానికి చోటెక్కడిది? ఈ అరవాక్యపు తర్కం కోసమే కదా రేఖాగణితం చదివించేది! ఏ అల్పకోణం తీసుకున్నా దాని సంపూరకం దాని పూరకం కన్నా సరిగ్గా 90 డిగ్రీలు ఎక్కువ. ఇది ఎందుకో పిల్లవాడు తానే కనిపెట్టగలడు, మనం బట్టీ కొట్టించకుండా ఉంటే.

పేర్ల సంగతి కూడా కొంత చెప్పాలి. ఇంగ్లీషులోని కాంప్లిమెంట్, సప్లిమెంట్ రెండింటి వెనుకా ఉన్నవి నింపడమనే అర్థమిచ్చే లాటిన్ ధాతువులే. అక్కడి పిల్లలూ తడబడతారు. 'సి' అంటే కార్నరు, 'ఎస్' అంటే స్ట్రెయిటు అని గుర్తు పెట్టుకుంటారు. మనవారు పూరకం, సంపూరకం అని అనువదించి ఆ తడబాటును కూడా నమ్మకంగా దిగుమతి చేసుకున్నారు. అయినా 'పూరకం'లో పూరించడం వినబడుతూనే ఉంది. దేనిని పూరిస్తుంది? మూలను. వడ్రంగి మూలమట్టం ఆనించి చూసే ఆ మూలను. ఆ ఒక్క ప్రశ్న వేస్తే చాలు, కొత్త పదాలు పుట్టించనక్కరలేదు.

90 అన్న అంకె మీద మనకున్న భక్తి కూడా నాకు మింగుడు పడదు. యూక్లిడ్ తన గ్రంథంలో డిగ్రీలే వాడలేదు. ఒక సరళరేఖపై మరొక రేఖ నిలిచి ఇరుపక్కలా సమానమైన కోణాలు చేస్తే అవి లంబకోణాలన్నాడు. అంతకు తక్కువది అల్పం, ఎక్కువది అధికం. ఫ్రెంచి విప్లవకాలపు దశాంశ సంస్కర్తలు లంబకోణాన్ని 100 భాగాలు చేశారు. ఆ లెక్కలోనూ పూరకాలు పూరకాలే. అంకె మారుతుంది, చుట్టరికం మారదు.

అన్నిటికన్నా బాధ కలిగించేది వేరే ఉంది. ఏడవ తరగతిలో పూరకకోణాలు చెప్పి, పదవ తరగతిలో కొసైను చెప్పి, ఆ రెండింటికీ ఉన్న పేగుబంధాన్ని ఒక సూత్రంగా పట్టికలో పడేస్తారు. కొసైను అంటేనే పూరకకోణపు సైను. 1620లో ఎడ్మండ్ గుంటర్ దానిని 'కో.సైనస్' అని రాసింది అందుకే. మన సిద్ధాంతకర్తలు అంతకు ఎన్నో శతాబ్దాల ముందే జ్య, కోటిజ్య అన్నారు. కోటి అంటే ఇక్కడ నూరు లక్షలు కాదు సుమా, 90కి తక్కువైన మిగతా భాగం. 499 నాటి ఆర్యభటీయంలో 3 డిగ్రీల 45 నిమిషాల ఎడంతో 24 జ్యలకు లెక్క ఉంది. వ్యాసార్ధం 3438. ఎనిమిదవ జ్య, అంటే 30 డిగ్రీలది, 1719, సరిగ్గా సగం. 60 డిగ్రీల కోటిజ్య కావాలంటే వేరే పట్టిక అక్కరలేదు, 24లోంచి 16 తీసివేసి ఆ ఎనిమిదవ జ్యనే చదువుకోవచ్చు. పూరకకోణం ఎందుకని అడిగే పిల్లవాడికి ఇంతకన్నా మంచి జవాబుందా?

అక్షాంశమన్న మాట మనం ఇప్పటికీ వాడుతున్నాం. దాని పూరకాన్ని ఆ పాతవారు లంబమన్నారు. హైదరాబాదులో ధ్రువనక్షత్రం ఉత్తర దిక్కున క్షితిజం నుండి ఇంచుమించు 17.4 డిగ్రీల ఎత్తున కనబడుతుంది. అదే ఆ ఊరి అక్షాంశం. విషువత్తునాడు మిట్టమధ్యాహ్నం సూర్యుడు అక్కడ 72.6 డిగ్రీల ఎత్తున ఉంటాడు. ఈ రెండు అంకెలూ కూడి చూడండి.

ఆకాశం దూరమనిపిస్తే పిల్లల జామెట్రీ పెట్టె తెరవండి. అందులో రెండు మూలమట్టాలుంటాయి. ఒకదానిలో 45, 45. మరొకదానిలో 30, 60. లంబకోణం పోగా త్రిభుజంలో మిగిలే రెండు కోణాలూ ఎప్పుడూ పూరకాలే. ఏడాది పొడుగునా సంచీలో మోసుకు తిరిగే ఆ ప్లాస్టిక్ ముక్కలను బయటికి తీయించకుండానే ఈ పాఠాన్ని ముగించేస్తున్నారు.