'సైదులు' అన్యదేశ్యమా? వ్యక్తినామాల వర్గీకరణపై ఒక అభ్యంతరం

తెలుగు వ్యక్తినామాలపై వెలువడుతున్న పరిశోధనల్లో ఒక అలవాటు స్థిరపడింది. సేకరించిన పేర్లను తత్సమాలు, తద్భవాలు, దేశ్యాలు, అన్యదేశ్యాలు అని నాలుగు గంపల్లోకి పంచి, ఏ గంపలో ఎన్ని ఉన్నాయో చెప్పడంతో పని ముగుస్తున్నది. ఆ విభాగాన్ని లాక్షణికులు పదజాలం కోసం ఏర్పరచారు. పేర్ల విషయంలో అది వివరించదు సరికదా, తప్పుదారి పట్టిస్తుంది. ఈ మాట రుజువు చేయడానికి సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ ప్రాంతంలో ఊరూరా వినిపించే 'సైదులు' అన్న ఒక్క పేరు చాలు.

సూర్యాపేట జిల్లా పాలకవీడు మండలంలోని జాన్‌పహాడ్ దర్గాలో ఏటా జనవరిలో ఉర్సు జరుగుతుంది. మతంతో నిమిత్తం లేకుండా జనం వస్తారు. సంతానం కోసం మొక్కుకుంటారు, మొక్కు ఫలిస్తే కందూరు చేస్తారు, పుట్టిన బిడ్డకు సైదన్న పేరు పెడతారు. మగబిడ్డ అయితే సైదులు, సైదయ్య, జానయ్య. ఆడబిడ్డ అయితే సైదమ్మ. రెడ్ల ఇంట సైదిరెడ్డి, గౌడుల ఇంట సైదులుగౌడ్, లంబాడీ తండాలో సైదానాయక్. పేరు మొక్కుది, తోక కులానిది. 2016లో సూర్యాపేట వేరు జిల్లా అయి, మిర్యాలగూడ నల్లగొండలోనే ఉండిపోయినా ఈ పేర్ల పొలిమేర మాత్రం చెదరలేదు.

'సయ్యద్' అరబ్బీ పదం. ప్రభువు, నాయకుడు అని అర్థం. దానికి చేరిన '-లు' మాత్రం రాములు, నర్సింహులు, వెంకటేశ్వర్లు అన్నచోట ఒక్క వ్యక్తికే గౌరవం తెలిపే తెలుగు బహువచన ప్రత్యయం. 'ఈశ్వర' శబ్దానికీ ప్రభువనే అర్థం. అంటే వెంకటేశ్వర్లు, సైదులు ఒకే అచ్చులో పోసిన పేర్లు. సంస్కృతం నుంచి వచ్చిన ప్రభువు మనవాడై, అరబ్బీ నుంచి వచ్చిన ప్రభువు పరాయివాడు ఎట్లా అవుతాడు?

యాదగిరిగుట్టకు మొక్కినవారు యాదగిరి, యాదయ్య, యాదమ్మ అని పెట్టుకున్నారు. దురాజ్‌పల్లి పెద్దగట్టు మీది లింగమంతుల స్వామిని, చౌడమ్మను కొలిచేవారి ఇళ్లలో లింగయ్యలు, చౌడమ్మలు ఉన్నారు. రాయలసీమ దస్తగిరి, కోస్తా మస్తానయ్య, తమిళనాడులోని నాగూరు దర్గాను తలపించే నాగూరయ్య ఈ కోవలోనివే. నామకరణంగా చూస్తే ఇవన్నీ ఒకే క్రియ. నాలుగు గంపల పద్ధతి ఆ క్రియను ముక్కలు చేసి, యాదగిరిని ఒకచోట, సైదులును మరొకచోట పారేస్తుంది.

వర్గీకరణ పదానికే గాని మనిషికి కాదని సమాధానం వస్తుంది. ఆచరణలో అట్లా జరగడం లేదు. ఒక సదస్సులో సమర్పించిన పట్టికలో 'సైదులు' ఏకంగా 'ముస్లిం నామాలు' శీర్షిక కింద కనిపించింది. అభ్యంతరం చెబితే, నిఘంటువులో అరబ్బీ అని ఉన్నదన్నారు. నిఘంటువు మాట గురించి చెప్పింది. మతాన్ని చేర్చింది పరిశోధకుడు.

మా మేనమామ పేరు సైదులు. హైదరాబాదులో అద్దె ఇల్లు వెతికినప్పుడు ఒక యజమాని, ముస్లింలా అని అడిగాడు. కాదన్నాక, "మరి ఇంటిపేరు?" అన్నాడు. పేరుతో మతం, ఇంటిపేరుతో కులం తేల్చుకోవడం ఆయనకు మన వ్యాసాలు నేర్పలేదు, నిజమే. కాని ఆయన వేసిన గీతనే మనం పట్టికగా అచ్చువేస్తున్నాం. ఆ ప్రశ్న పడలేక మామ తన కొడుకుకు సాయికుమార్ అని పెట్టాడు. అమ్మమ్మ మాత్రం వాడిని చిన్నసైదులు అనే పిలిచేది. షిర్డీలో మసీదులో నివసించిన ఫకీరు పేరును ఎంచుకుని దర్గా పేరు నుంచి తప్పించుకున్నానని మామ అనుకోవడం వేరే కథ.

నేను చూసిన బడి రిజిస్టర్లలో సైదులు ఇప్పుడు తండ్రి పేరు గడిలోనే ఎక్కువగా కనిపిస్తున్నాడు. మొక్కు కథ తెలిసిన ముసలివాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోతున్నారు. క్షేత్రపరిశోధనకు పోయేవారి పత్రంలో భాషామూలం గడి ఉంటే ఉండనివ్వండి. దానికంటే ముందు పేరు ఎవరు పెట్టారు, ఏ మొక్కుకు పెట్టారు, ఇంట్లో ఏమని పిలుస్తారు, బడిలో ఎవరు మార్చారు అన్న గడులు ఉండాలి. అవి ఖాళీగా ఉన్న సిద్ధాంత గ్రంథాన్ని నామవిజ్ఞానంగా అంగీకరించకూడదు.